ఎదురింటావిడకి పాతబస్తీ చూపించిన గైడు

ఫోల్కె ఎక్‌బ్లాడ్ మా దగ్గర గైడుగా చేరి తొమ్మిదేళ్ళయింది. ఈ తొమ్మిదేళ్ళలో ఒక్క అబద్ధం ఆడలేదు. గైడు అబద్ధమాడకపోతే కంపెనీ నడిపేదాని కష్టం ఏమిటో నన్నడగండి, చెప్తాను.

మాది చిన్న కంపెనీ. స్టాక్‌హోమ్ పాతబస్తీలో గంటన్నర నడక. ఒక గైడు, ఒక కుటుంబం, అంతే. గుంపుల్ని తీసుకోం. బుకింగులు రాసుకునేది, ఫోనెత్తేది, గైడుల్ని తిట్టేది నేనే. నా పేరు ఇల్వ. పాతబస్తీ పెద్ద చౌకులో ఒక ఎర్రటి ఇల్లుంది, దాని గోడ నిండా తెల్లరాళ్ళు. వెనకటికి ఓ రాజు ఆ చౌకులో తలలు నరికించాడు, తెగిన ఒక్కో తలకీ ఒక్కో రాయి అని మిగతా గైడులందరూ చెప్తారు. వింటున్నవాళ్ళు అయ్యో అనుకుంటూ ఫొటోలు తీసుకుంటారు. ఫోల్కె మాత్రం, "ఈ ఇల్లు ఇలా కట్టింది ఆ తలలు తెగిన నూట ముప్పై ఏళ్ళకి. రాళ్ళు అందం కోసం పెట్టారు," అంటాడు. వాళ్ళు ఫోను తిరిగి జేబులో పెట్టేసుకుంటారు.

ఆయనకి అరవై మూడేళ్ళు. గైడు పరీక్ష పాసై చొక్కాకి బిళ్ళ పెట్టుకోకముందు ఇరవై ఆరేళ్ళు మురుగు కాలవల ఇన్‌స్పెక్టరు. అందుకని కోట ముందు నిలబెట్టినా ఆయన కళ్ళు కిందికే పోతాయి. ఏ సందు కింద ఏ గొట్టం ఎటు పోతుందో చెప్తాడు. పెళ్ళి చేసుకోలేదు. ఎందుకని ఒకసారి అడిగాను. "సందర్భం రాలేదు," అన్నాడు, బస్సు రాలేదన్నట్టు.

టూరు పదకొండింటికైతే పదిన్నరకే వస్తాడు. వస్తాడు గానీ కనబడడు. ముందే కనబడితే వచ్చినవాళ్ళు తామే ఆలస్యంగా వచ్చామేమోనని నొచ్చుకుంటారట. పక్క సందులో తిరుగుతూ ఉండి, చర్చి గంట కొట్టగానే ప్రత్యక్షమవుతాడు. మా దేశంలో చాలామందిమి ఇంతే లెండి. ఎవరైనా భోజనానికి పిలిస్తే వీధి చివర మంచులో పచార్లు చేసి, సరిగ్గా ఆరింటికి బెల్లు నొక్కుతాం. కాకపోతే ఫోల్కెది ముదిరిన కేసు.

పోయిన మార్చిలో ఒకావిడ ఫోన్ చేసింది. పేరు యోర్డిస్ నొర్లింగ్. పళ్ళ ఆసుపత్రిలో నర్సుగా చేసి రిటైరైందట. ఒక్కత్తే వస్తానంది, గైడు మాత్రం ఫోల్కెయే కావాలంది. ముప్పై ఏళ్ళుగా ఈ ఊళ్ళోనే ఉంటున్న మనిషికి ఈ ఊరి టూరెందుకో నాకర్థం కాలేదు. డబ్బు ఆవిడది, కాళ్ళు ఆవిడవి, నాకేం పోయింది? రాసుకున్నాను. టూరయ్యాక ఎలా జరిగిందని అడిగితే, "శ్రద్ధగా విన్నారు," అన్నాడు ఫోల్కె. ఆయన నోటినుంచి అది పెద్ద పొగడ్త.

ఏప్రిల్‌లో మళ్ళీ ఆవిడే. మళ్ళీ అదే టూరు, అదే గైడు. ఈసారి రసీదు పోస్టులో పంపమంది. కవరు మీద అడ్రసు రాస్తుంటే నా చెయ్యి ఆగిపోయింది. ఆ వీధి, ఆ నంబరు నేను ప్రతి నెలా ఫోల్కె జీతం కాగితం మీద రాసేదే. ఆయన్ని పిలిచాను.

"ఫోల్కె, ఈ యోర్డిస్ మీ బిల్డింగేనా?"

"అవును."

"ఏ అంతస్తు?"

"రెండో అంతస్తు. ఎదురు తలుపు."

"ఎన్నాళ్ళనుంచి?"

"అక్టోబరుకి ఆరేళ్ళు నిండుతాయి."

నేను కాఫీ కప్పు కింద పెట్టాను. "మరి మొదటిసారి వచ్చినప్పుడు ఏం చేశారు?"

"నా పేరు ఫోల్కె అని చెప్పాను. ఆవిడ తన పేరు యోర్డిస్ అన్నారు. చేతులు కలుపుకున్నాం. తర్వాత టూరు మొదలుపెట్టాను."

"ఎదురింటావిడకి పేరు చెప్పి పరిచయం చేసుకున్నారా! మీరు మా ఎదురిల్లు కదూ అనలేకపోయారా?"

"ఆవిడ అనలేదు. టూరుకొచ్చిన మనిషిని ఇంటి సంగతులతో ఇబ్బంది పెట్టడమెందుకు?"

"అయ్యాక ఇంటికెలా వెళ్ళారు? ఇద్దరిదీ ఒకటే దారి కదా?"

"ఆవిడ మెట్రోలో వెళ్ళారు. నేను గంటసేపు లైబ్రరీలో కూర్చుని వెళ్ళాను. దారిలో కనబడితే ఆవిడకి బాగుండదు."

నాకు నవ్వాలో ఏడవాలో తెలియలేదు. "ఒక్కటి చెప్పండి ఫోల్కె. ఆవిడంటే మీకు ఇష్టమా?"

ఆయన కిటికీ వైపు తిరిగాడు. "పొద్దున ఏడూ ఇరవైకి ఆవిడ వాకింగుకి వెళ్తారు," అన్నాడు.

"నేనడిగింది అది కాదు."

"అదే చెప్పాను."

అప్పుడర్థమైంది. మా ఊళ్ళో ఎవరైనా గడప దాటేముందు తలుపుకి చెవి ఆనించి వింటారు. మెట్ల మీద అడుగుల చప్పుడుంటే ఆ మనిషి దిగిపోయేదాకా లోపలే ఆగుతారు. ఎదురుపడితే పలకరించాలి, పలకరిస్తే అవతలివాళ్ళకి ఇబ్బంది. ఇది మా మర్యాద. అక్షరాలు దిద్దించకముందే మా అమ్మ నాకిది నేర్పింది. ఏడూ ఇరవైకి యోర్డిస్ బయటికి వస్తుందని ఫోల్కెకి ఎలా తెలుసంటే, ఆరేళ్ళుగా ఆ వేళకి ఆయన తలుపు వెనక ఊపిరి బిగబట్టుకుని నిలబడుతున్నాడు. మొహమాటానికి ఒక హద్దుండాలా వద్దా?

మే నెల మొదట్లో యోర్డిస్ మూడోసారి ఫోన్ చేసింది. "ఇదే ఆఖరిసారి," అంది. ఎక్కడో ఉత్తరాన ఊమియో అనే ఊళ్ళో చెల్లెలుందట, పక్కన ఫ్లాటు దొరికిందట. ఇక్కడి ఇల్లు వదులుకుంటూ సోమవారం సాయంత్రం నాలుగింటికి కాగితాల మీద సంతకం. ఆ మధ్యాహ్నమే ఒంటిగంటకి టూరు కావాలంది. ఈ ఊళ్ళో అద్దె ఇల్లు రావాలంటే పేరు రాయించుకుని పదిహేనేళ్ళు క్యూలో ఉండాలి. ఒకసారి వదులుకుంటే ఈ జన్మకి మళ్ళీ రాదు. ఆవిడ సంతకం పెట్టిందంటే ఇక అంతే సంగతులు.

ఫోల్కెకి చెప్పాను. "అలాగా," అన్నాడు.

"అలాగానా? సంతకం నాలుగింటికి. టూరు ఒంటిగంటకి. మధ్యలో నోరు విప్పి 'వెళ్ళకండి' అని ఒక్క ముక్క అనండి."

"ఆవిడ నిర్ణయం ఆవిడది."

"చెప్తే చస్తారా?"

ఆయన నిజంగానే ఆలోచించాడు. "చావను," అన్నాడు.

ఏడాదికోసారి గైడుల వెనక నడిచి వాళ్ళ పని చూడటం నా అలవాటు. ఆ ఏటి తనిఖీ సోమవారం ఒంటిగంటకి పెట్టుకున్నాను. సిగ్గులేని పనే. మీరైతే ఊరుకునేవాళ్ళా?

యోర్డిస్ పొట్టి మనిషి, తెల్లజుట్టు, నీలం కోటు. ముగ్గురం చేతులు కలుపుకున్నాం. "నా పేరు ఫోల్కె," అన్నాడాయన, మూడోసారి. "నా పేరు యోర్డిస్," అందావిడ. వెనక నేను పళ్ళు కొరుక్కున్నాను.

ఊళ్ళోకల్లా ఇరుకు సందు దగ్గర ఆగాం. మెట్లసందు, ఇద్దరు పక్కపక్కన పట్టరు. "ఇరుకైన చోట వెడల్పు తొంభై సెంటీమీటర్లు," అన్నాడు ఫోల్కె.

"పోయినసారి కూడా తొంభయ్యే అన్నారు."

"మారలేదు."

ఆవిడ చిన్నగా నవ్వింది. ఆయన చెవులు ఎర్రబడ్డాయి. ఇప్పుడంటాడు, ఇప్పుడంటాడు అని నేను చూస్తూనే ఉన్నాను. ఆయన మాత్రం మెట్ల కిందినుంచి వాననీళ్ళు ఎటు పోతాయో చెప్పాడు. ఎర్రింటి దగ్గర రాళ్ళ సంగతి చెప్పాడు. కోట దగ్గర సిపాయి మారే వేళ చెప్పాడు. గంటా ఇరవై అయిదు నిమిషాలకి నీటి ఒడ్డున గట్టు మీదికి చేరాం. అక్కడే టూరు ఆఖరు. ఎదురుగా సరస్సు, అవతల టౌనుహాలు. సముద్రపు పిట్టలు ఎవరి బన్నో లాక్కుని పోట్లాడుకుంటున్నాయి.

"ప్రశ్నలేమైనా ఉన్నాయా?" అన్నాడు ఫోల్కె. ప్రతి టూరు చివరా అనేదే.

"ఒకటుంది," అంది యోర్డిస్. సంచి పట్టీని రెండు చేతులా పట్టుకుంది. "పొద్దున నేను తలుపు తీసే వేళకి మీ ఇంట్లో తాళంచెవి చప్పుడు వినిపిస్తుంది. నేను బయటికి రాగానే ఆ చప్పుడు ఆగిపోతుంది. ఆరేళ్ళనుంచీ ఇంతే. నేను మీకేం చేశాను?"

ఫోల్కె చొక్కా మీది బిళ్ళ సరిచేసుకున్నాడు. మురుగు కాలవల గురించి రెండు గంటలు మాట్లాడగల మనిషి.

"మీకు ఇబ్బంది అవుతుందని," అన్నాడు చివరికి.

"నేనూ అలాగే అనుకున్నాను. ఊరికే తలుపు కొడితే మీకు ఇబ్బంది. అదే టూరుకొస్తే, డబ్బు కట్టాను కాబట్టి మాట్లాడటం మీ పని. గంటన్నర పాటు ఇబ్బంది పెట్టినట్టు కాదు. ఒకసారి కాకపోతే ఒకసారైనా, మీరు నా ఎదురింటావిడ కదూ అంటారేమోనని చూశాను."

వెనక నేను నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాను.

"వెళ్ళకండి," అన్నాడు ఫోల్కె. గట్టిగానే అన్నాడు. బెంచీ మీద కూర్చున్న ఎవరో తిరిగి చూశారు.

నేను గడియారం చూశాను. రెండున్నర. ఇంకా గంటన్నర ఉంది. దేవుడున్నాడు అనుకున్నాను.

యోర్డిస్ తల అడ్డంగా ఊపింది. "సంతకం పెట్టేశాను."

"నాలుగింటికి కదా?"

"పొద్దున ఏడింటికే కాగితాలు ఫోనులో పంపారు. ఎప్పుడైనా పెట్టచ్చన్నారు. ఇవాళ కూడా తలుపు తీస్తే మీ తాళం చప్పుడు ఆగింది. మెట్ల మీద అయిదు నిమిషాలు నిలబడ్డాను, వస్తారేమోనని. రాలేదు. సరే, ఇంతే కాబోలనుకుని కిందికి దిగి, బస్టాపులో బెంచీ మీద కూర్చుని నొక్కేశాను."

"నేను ఇవాళ మీతో చెప్దామనే నిలబడ్డాను," అన్నాడు ఫోల్కె. "చేతిలో తాళంచెవి పట్టుకుని. మీరు మెట్ల మీద ఆగారు. ఎవరి కోసమో చూస్తున్నారనుకున్నాను. అడ్డం రాకూడదని మీరు దిగేదాకా ఆగాను."

ఇద్దరూ నీళ్ళవైపు చూస్తూ నిలబడ్డారు. ఇక నా తనిఖీ అయిపోయింది. నేను చెప్పకుండా వచ్చేశాను.

శుక్రవారం ఆవిడ సామాను లారీకెక్కింది. పొద్దున ఏడింటికే ఫోల్కె వెళ్ళి తలుపు కొట్టాడట. పెట్టెల మీద కూర్చుని, సర్దకుండా మిగిలిన రెండు కప్పుల్లో కాఫీ తాగారట. తర్వాత పెట్టెలన్నీ ఆయనే కిందికి మోశాడట. ఎదురింట్లోకి ఇప్పుడెవరో కుర్ర జంట వచ్చింది. వాళ్ళ పేర్లు ఆయనకి తెలియవు.

జూన్‌లో, టూరిస్టులతో నాకు ఊపిరాడని రోజుల్లో, ఫోల్కె నా బల్ల ముందుకొచ్చి నిలబడ్డాడు. రెండు వారాలకోసారి శుక్రవారం, శనివారం సెలవు కావాలన్నాడు.

"ఊమియోకి రైల్లో ఎంతసేపు?" అన్నాను.

"ఆరున్నర గంటలు."

"ఆవిడ రమ్మన్నారా?"

"లేదు. నేనే ఫోన్ చేసి, రావచ్చా అని అడిగాను."

"ఏమన్నారు?"

"ఇంతకాలం పట్టిందా, అన్నారు."

సెలవు రాసిచ్చాను. ఆయన వెళ్ళాక తలుపేసుకుని కూర్చున్నాను. ఆ రెండు గుమ్మాల మధ్య మూడడుగులుండేవి, ఇప్పుడు ఆరువందల కిలోమీటర్లు. నాకు ఏడుపొచ్చింది.