బావదీ నాదీ ఒకటే కేసు

మొన్న కంటి పరీక్షకని వేలూరు పోయి ఆసుపత్రి వరండాలో పిలుపు కోసం కూర్చుని ఉంటే, పక్కనున్న పెద్దావిడ తన కొడుకు సర్కారు ఉద్యోగం అప్పీల్లో పోయిందనీ, అతనితో పాటే తీసేసిన స్నేహితుడిది మాత్రం వేరే బెంచిలో నిలిచిందనీ ఎవరికో ఫోనులో సగం అరవంలో, సగం తెలుగులో చెబుతోంది. వింటూ ఉంటే నాకు మా బావ గుర్తొచ్చాడు.

బావ అంటే మా అక్క భర్త. గుడియాత్తంలో తాగునీటి పంపుల దగ్గర ఇద్దరం ఒకే రోజు తాత్కాలికంగా చేరాం, వంతులవారీగా ఒకే మోటారు నడిపాం, కొన్నేళ్లకు మా నియామకాలు చెల్లవంటూ వచ్చిన ఒకే ఉత్తర్వుతో ఇంటిదారి పట్టాం. కోర్టుకు పోయి ఇద్దరం గెలిచాం. సర్కారు ఇద్దరి మీదా అప్పీలు చేసింది. రెండూ కలిపి వినాల్సినవే గాని, ఎందుకో మద్రాసులో వేరు వేరు బెంచీలకు పోయాయి. నా మీద వేసింది కొట్టేశారు, నేను పనిలోకి వెళ్లాను. బావ మీద వేసింది ఒప్పుకున్నారు, ఆయన పేర్ణాంబట్టులో తోళ్లు నానబెట్టే సున్నపు తొట్ల దగ్గర కూలికి కుదిరాడు.

వేలూరులో మా కేసులు చూసే లాయరమ్మ, తీర్పు మళ్లీ పరిశీలించమని బావ తరఫున అర్జీ వేసింది. ఇద్దరి కేసూ ఒకటేనని నేను ప్రమాణపత్రం ఇస్తే బలమనీ, అయితే అప్పుడు సర్కారు నా తీర్పునే తప్పనవచ్చుననీ, ఇద్దరినీ ఇంటికి పంపినా పంపవచ్చుననీ దాచకుండా చెప్పింది.

ఆ ఆదివారం బావ వచ్చి గడపలోనే నిలబడ్డాడు. "నువ్వు దీంట్లోకి రావద్దు బామ్మర్దీ. ఒగ ఇంట్లోనన్నా పొయ్యి రగలనీ" అన్నాడు. వెనకే వచ్చిన అక్క ఊరుకోలేదు. "ఒగ కాయితంతోనే గదా నాయనా ఇద్దుర్నీ పంపించినారు? మల్లా నీకొగ న్యాయం, ఆయనకొగ న్యాయం యాడ ఉండాది?" అంది. మర్నాడు బస్సెక్కి పోయి సంతకం పెట్టి వచ్చాను. ధైర్యమని చెప్పను, అక్క మొహం తప్పించుకుంటూ ఆ ఊళ్లో బతకలేననిపించింది, అంతే.

లాయరమ్మ భయపడినట్టే సర్కారు నా తీర్పునూ తిరగదోడమంది. రెండు కేసులూ కలిసి ఒకే బెంచి ముందుకు వచ్చాయి. కాట్పాడిలో మద్రాసు రైలెక్కి, అక్క కట్టిచ్చిన పులిహోర మధ్యలో పెట్టుకుని, దారి పొడవునా కేసు తప్ప అన్నీ మాట్లాడుకున్నాం. ఈ ఇద్దరికీ తేడా ఏమిటో చూపించమని జడ్జి అడిగితే సర్కారు తరఫు లాయరు కాగితాలు ఎంత తిరగేసినా ఏదీ చూపలేకపోయాడట. ఇంగ్లీషులో సాగిన ఆ మాటలు మాకు తర్వాత లాయరమ్మే విడమర్చి చెప్పింది. నా తీర్పు నిలిచింది, బావ తీర్పు మారింది, బయట ఉన్న కాలం కూడా సర్వీసులో కలపమన్నారు. కోర్టు మెట్లు దిగుతూ బావ, "నాది గెలిచినందుకు గాదప్పా, నీది పోలేదు, అదీ సంతోషం" అని కళ్లు తుడుచుకున్నాడు. సున్నం తిన్న ఆ చేతులు మాత్రం మళ్లీ మునుపటిలా కాలేదు.

బావ పోయి చాలా కాలమైంది. ఇప్పుడా పంపుల దగ్గర కాంట్రాక్టు కుర్రాళ్లుంటారు. అటువైపు పోయినప్పుడల్లా పలకరిస్తాను. కాంట్రాక్టరు ఒకణ్ణి రావద్దంటే మర్నాటికి ఇంకొకడు కనిపిస్తాడు. ముందువాడు ఏమయ్యాడని అడిగితే, పేరే తెలియదంటాడు. తప్పు వాళ్లది కాదు. నీ కేసూ నా కేసూ ఒకటేనని చెప్పాలంటే ముందు ఒకరికొకరు తెలిసి ఉండాలి కదా.