పెళ్లి అని రాసి లారీలు అడిగాను

మొన్న నా పెళ్లి ఆగిపోయింది తెలుసా! అయ్యో అనకండి, ముందు టీ తాగండి. అసలు పెళ్లి కుదిరితే కదా! చూపుల్లేవు, మాటల్లేవు, అమ్మాయే లేదు. అయినా ఆగిపోయింది. బళ్లారిలో సగం మంది వచ్చి నన్ను ఓదార్చి పోయారు. అంతా నేను పంపిన ఒక్క మెయిల్ పుణ్యం.

నేను మా మామ దగ్గర పనిచేస్తున్నాను కదా. కౌల్ బజార్‌లో టైర్ల షాపు పైన మా ట్రాన్స్‌పోర్ట్ ఆఫీసు. మామకు లారీలున్నాయి, నాకు బీకాం ఉంది, ఇద్దరికీ కలిపి ఒక కంప్యూటర్ ఉంది. ఇప్పుడు గనుల జోరు ఎలా ఉందో మీరూ చూస్తున్నారుగా! పొద్దున తుడిచిన కీబోర్డు సాయంత్రానికి ఎర్రగా అయిపోతోంది. ఇంత జోరులో అందరి లారీలూ పోర్టుకు ఖనిజం మోస్తుంటే, మావి మాత్రం రోడ్డు పక్కన వరసగా నిలబడి ఎర్రదుమ్ము తింటున్నాయి.

ఎందుకంటే, పోర్టులో ఒక కంపెనీ మాకు లోడింగ్ ఇస్తామని నోటిమాటగా చెప్పింది. ఎప్పటినుంచి పంపాలో అక్కడి మేనేజర్ సార్ మెయిల్లో చెప్పాలి. ఆయన చెప్పడు. నేను మెయిల్ మీద మెయిల్ పంపుతాను. ఉలుకూ లేదు, పలుకూ లేదు.

మెయిల్ చెప్పేది మామ, ఇంగ్లీషులో పెట్టేది నేను. మామ కుర్చీలో వెనక్కి వాలి, కళ్లు మూసుకుని మొదలుపెట్టేవాడు. "పైన శ్రీ అని రాయప్పా. ఈడ మేమంతా క్షేమం, ఆడ మీరు, మీ పిల్లలు క్షేమమని తలుస్తాం. ఈ తూరి వానలు బాగా పడినాయి, డ్యాముకు నీళ్లొచ్చినాయి..."

"మామా, లారీల సంగతి?"

"నీకు మర్యాద తెల్దు. ఎవరింటికన్నా పోతానే పని చెప్తామా? కూర్చుంటాం, నీళ్లు తాగుతాం, బాగోగులు మాట్లాడతాం. అప్పుడు వాళ్లే అడుగుతారు, ఏం పని మీద వచ్చినారప్పా అని. అప్పుడు చెప్పల్ల."

అలా ప్రతి మెయిల్లోనూ మేం వాళ్లింటికి వెళ్లి, నీళ్లు తాగి, వానల గురించి మాట్లాడి, ఆయన అడుగుతాడని ఎదురుచూసి తిరిగొచ్చేవాళ్లం. ఆయన అడిగితే కదా!

చివరికి మామకు కోపం వచ్చింది. ఆయన మీద కాదు, నా మీద! "ఈ వారంలో జవాబు తెప్పిస్తే సరి. లేకుంటే ఈ డబ్బా అమ్మేస్తా. నువ్వు మన ఊరు కెంచనగుడ్డకు పోయి మోటరు ఏసుకుంటా వరి చూసుకో."

వరి మీద నాకేం కోపం లేదు, రోజూ తింటాను. కానీ చిన్నప్పుడు ఆ మడిలో జారి పడినన్ని సార్లు ఎవరూ పడి ఉండరు. పైగా ఊళ్లో అందరికీ ఆఫీసులో ఉన్నానని చెప్పుకున్నాను. నాకు ఈ పని ఇష్టం కూడా! నిజంగా భయం వేసింది.

నెట్‌లో వెతికితే ఎవరో పెద్దమనిషి రాశాడు. సబ్జెక్ట్ చూడగానే తెరవాలనిపించాలట. లోపల చిన్నగా, సూటిగా ఉండాలట. కూర్చుని ఆలోచించాను. మనవాళ్లు దేన్ని తెరవకుండా ఉండలేరు? పెళ్లి కార్డును! ఎవరిది, ఎక్కడ, భోజనాలు ఎప్పుడు అని చూడనిదే కింద పెట్టరు.

మామ బ్యాంకుకు వెళ్లిన సమయం చూసి కొట్టాను. సబ్జెక్ట్: 'పెళ్లి ఆహ్వానం, కుటుంబంతో సహా రండి'. లోపల రెండే ముక్కలు. మా లారీలు సిద్ధంగా ఉన్నాయి. ఎప్పటినుంచి పంపమంటారు? కింద నా పేరు. ఎంత ముద్దుగా ఉందో! గర్వంగా మేనేజర్ పేరు మీద నొక్కి పంపేశాను.

నొక్కింది మేనేజర్ పేరు మీద కాదు. దాని పైన 'అందరూ' అని ఒకటి ఉంది. ఉగాది శుభాకాంక్షలకని నేనే పెట్టుకున్నాను. డీజిల్ బంకు నుంచి ఆడిటర్ దాకా, చుట్టాలతో, ఆ మేనేజర్ సార్‌తో సహా మాకు తెలిసినవాళ్లంతా అందులోనే ఉన్నారు.

నాలుగు గుక్కల టీ తాగానో లేదో, ఫోన్! బంకు ఓనరు కన్నడంలో, "ఏనప్పా, మదువె యావాగ?" అన్నాడు. పెళ్లెప్పుడని! కింద నుంచి టైర్ల భాయ్ మెట్లెక్కి వచ్చి, "దావత్ యాడ పెట్టినారు భాయ్?" అని చేయి పట్టుకున్నాడు. లోపల లారీల సంగతి ఉంది కదా అంటే, "అది సరే, కార్డు వెనక వస్తాది కదా" అన్నాడు.

తర్వాత సత్యనారాయణపేట నుంచి మా మేనత్త ఫోన్. వాళ్లబ్బాయి మెయిల్ చదివి చెప్పాడట. ఆమె ఏడుస్తోంది.

"బొట్టు పెట్టి పిలవకుండా కంప్యూటర్లో పిలుస్తావా రా నన్ను? కౌల్ బజార్ నుంచి ఈడికి ఆటో లేదా? మేనత్తకూ బంకోడికీ ఒకే పిలుపా?"

"అత్తా, పెళ్లే లేదు."

"నన్ను రావద్దని ఇట్ల చెప్తాండావా?"

అప్పుడైనా ఊరుకోవచ్చు కదా! ఊరుకోలేదు. తెలివి పొంగి పొర్లుతోందాయె. వెంటనే అందరికీ ఇంకో మెయిల్ పంపాను. అందరూ తెరవాలి కదా, అందుకని సబ్జెక్ట్ సూటిగా పెట్టాను. 'పెళ్లి లేదు.'

ఇక చూడండి! మామ బ్యాంకు నుంచి వచ్చేసరికి ఆఫీసు మెట్ల మీద చెప్పులే చెప్పులు. భాయ్ కూల్ డ్రింకులు తెప్పించాడు. బంకు ఓనరు నా భుజం నిమురుతున్నాడు. మేనత్త ఆటోలో వచ్చేసి, నన్ను వద్దన్న ఆ పిల్లను, వాళ్ల వంశాన్ని నోరారా తిడుతోంది. మామ గుమ్మంలోనే నిలబడిపోయాడు.

"ఎవరు పోయినారప్పా?" అన్నాడు మెల్లగా.

జరిగింది చెప్పాను. ఆయన వెళ్లి కంప్యూటర్ స్విచ్ ఆపేశాడు. తర్వాత చాలా ప్రేమగా అన్నాడు. "రేపు పొద్దున బస్సుకు కెంచనగుడ్డకు పో అల్లుడా. మోటరు ముట్టుకోవద్దు. మోటరుకు కూడా ఏమన్నా ఐతాది."

అందరూ వెళ్లాక, నేను ఊరికి పోయేముందు చివరిసారిగా కంప్యూటర్ తెరిచాను. మేనేజర్ సార్ జవాబు!

'మీ పెళ్లి ఆగిపోయిందని తెలిసి బాధ కలిగింది. లారీలకు లోడింగ్ లేదనే అమ్మాయివాళ్లు వెనక్కి తగ్గారేమో. మా ఆలస్యం వల్ల ఇలా జరగడం అన్యాయం. సోమవారం నుంచి లారీలన్నీ పంపండి. ఈ మెయిల్ అమ్మాయివాళ్లకు చూపించండి.'

మామ నన్ను పట్టుకుని ఎగిరాడు. నాకూ కళ్లలో నీళ్లు తిరిగాయి. కానీ ఆ మంచాయన జాలిని అలా వాడుకోవడానికి మనసొప్పలేదు. మామ వద్దు వద్దంటున్నా ఫోన్ చేసి ఉన్నదంతా చెప్పేశాను. అయిపోయింది, రేపటి బస్సే అనుకున్నాను.

అవతల ఒకటే నవ్వు! "మీ పాత మెయిల్స్ అన్నీ చదివానయ్యా. మీ ఇంట్లో అందరూ క్షేమమని తెలిసింది. డ్యాము నిండుతోందని తెలిసింది. మీకేం కావాలో మాత్రం తెలియలేదు! ఈసారే కదా అడిగారు. సోమవారం పంపండి."

సోమవారం మా లారీలు కదిలాయి. కెంచనగుడ్డ బస్సు నేను లేకుండానే వెళ్లింది. మామకు మెయిల్ అంటే ఎంత గురి కుదిరిందంటే, ఇప్పుడు ఒంటి వేలితో తనే కొడుతున్నాడు. నిన్న నేను లేనప్పుడు 'అందరూ' నొక్కి ఒకటి పంపాడు. సబ్జెక్ట్: 'లోడింగ్‌కు సిద్ధంగా ఉన్న బండి'. తెరిస్తే లోపల నా ఫోటో, చదువు, గోత్రం!

"ఇదేంది మామా!"

"నీ పద్ధతే కదప్పా. ఊరంతా నీ పెళ్లి చెడిందనుకుంటాండారు, నేనే సరిచేయల్ల. పెళ్లి అని రాసి లారీలు తెచ్చినావు. లారీ అని రాసి పెళ్లి తెస్తా."

సాయంత్రానికి జవాబు కూడా వచ్చింది. హోస్పేట నుంచి ఎవరో అడిగారు. 'మోడల్ పాతదిలాగుంది. కండిషన్ ఎట్లుండాది? ఒకసారి వచ్చి చూసుకోవచ్చునా?'

నాకు ప్రాణం లేచొచ్చింది. "చూడు మామా, సబ్జెక్ట్ ఒక్కటే చదివి నిజంగా లారీ అనుకున్నారు పాపం!"

మామ అద్దాలు సర్దుకుని మళ్లీ చదివాడు. "లేదప్పా. ఫోటో చూసినాకే అడుగుతాండామని కింద రాసినారు."