పన్నెండు మంది హంపికి, గైడు కొప్పళకు

మొన్న శనివారం మా చర్చి ఆడోళ్ళను పన్నెండు మందిని రైల్లో హంపికి తీసుకుపోయినాను. పొద్దున పోయి సాయంత్రానికి తిరుగు రైలెక్కాల, అదీ ప్లాను. పన్నెండు మందీ హంపి చూసినారు. ఫోటోలు దిగినారు. కొబ్బరినీళ్ళు తాగినారు. చూడనిది ఒక్కతే. ఆ ఒక్కతి గైడు. ఆ గైడు నేను!

నవ్వండి, నవ్వండి. మా ఇంట్లో ఇంకా ఎవరికీ తెలీదు కాబట్టి మొదటి నవ్వు మీదే.

అసలు నాకు గైడు పని ఎందుకంటారా? డోన్‌లో నేను వేలు పెట్టని పని లేదు. యూట్యూబ్ చూసి మెహందీ నేర్చుకున్నాను. యూట్యూబ్ చూసి కేకులు చేసినాను. మగ్గం వర్కు, స్పోకెన్ ఇంగ్లీషు, ఫోటో ఎడిటింగు... అన్నిటికీ నాకు నేనే గురువు, నాకు నేనే శిష్యురాలు. ఏదైనా మూడు నెలలే. నాలుగో నెల వస్తే నా కాళ్ళు ఇంట్లో నిలవవు. ఈసారి హంపి వీడియోలు చూసి గైడునవుతానంటే మా అమ్మ గట్టిగా చెప్పేసింది.

"ఇదే కడాసారి, గ్రేసీ. ఇది గూడా మధ్యలో ఇడిసిపెడితివా, కర్నూల్లో మీ మామ చీరల షాపులో కూర్చోబెడతా. చీరలు మడతబెట్టుకుంటా ఉండు జన్మంతా."

కట్టుకున్న చీరే నాకు సరిగ్గా నిలవదు. ఇంక షాపు నిండా చీరలు!

అందుకే మా ఊరి ట్రావెల్స్ ఓనరు రఫీ సార్ "శనివారం శనివారం హంపికి రైలు ట్రిప్పు ఏస్తాండా, గైడు కావాల" అన్నాడని తెలిసి పరిగెత్తినాను.

"హంపి చూసినావా పాపా?"

"ఎనిమిది సార్లు చూసినా సార్!"

ఒక్కసారి కూడా చూళ్ళేదు. ఎనిమిది అనే అంకె నా నోట్లోకి ఎట్ల వచ్చిందో ఆ దేవునికే తెలియాల. కానీ వీడియోలు మాత్రం మూడు నెలలు చూసినాను. ఏ గుడి ఎవరు కట్టించినారో నిద్రలో లేపి అడిగినా చెప్తాను.

రఫీ సార్ గడ్డం నిమురుకున్నాడు. "సరే, ముందు మీ చర్చి వాళ్ళను ఒక ట్రిప్పు తీసుకపో. రాతిరథం ముందర పన్నెండు మందీ నిలబడిన ఫోటో సాయంత్రం లోపల నాకు పంపియ్. పంపితే పని నీదే. ఒక్కరు తగ్గినా ఇంకొకర్ని చూసుకుంటా."

ఒక్క ఫోటో! అదుంటే గైడు, లేకుంటే చీరల షాపు.

నేను తయారైనాను చూడండి! తెల్ల చొక్కా, నల్ల ప్యాంటు, తలకు టోపీ. వీడియోల్లో గైడు చేతిలో ఒక చిన్న జెండా ఉంటాది కదా, గుంపు తప్పిపోకుండా? నాకూ అది కావాలనిపించింది. అమ్మ పెట్టెలో రెండు కొత్త రవికగుడ్డలు దొరికినాయి, ఒకటి ఎరుపు, ఒకటి పచ్చ. స్టేషన్‌లో ఎర్రగుడ్డ ఊపితే రైలు నిలబడిపోతాదేమో, పోలీసులు పట్టుకుంటారేమో అని ఎంతో తెలివిగా ఆలోచించి పచ్చది తీసుకున్నాను. సెల్ఫీ స్టిక్కుకు కట్టి, మడిచి బ్యాగులో పెట్టుకున్నాను. ఎవరికీ చూపించలేదు. దిగినాక అందరూ ఆశ్చర్యపోవాల కదా!

ఇక్కడ రూతమ్మ పెద్దమ్మ గురించి చెప్పాల. వాళ్ళాయన రైల్వే గేట్‌మన్. ముప్పై ఏండ్లు గేటు పక్కనే కాపురం. ఆయన జ్వరంతో పడుకున్న రోజుల్లో జెండా పట్టుకొని ఎండలో నిలబడింది పెద్దమ్మే. ఆ మాటకొస్తే మా గుంపులో సగం మంది రైల్వే ఇండ్ల వాళ్ళే. గ్యాంగ్‌మన్ భార్య ఒకరు, పాయింట్స్‌మన్ అక్క ఒకరు. మా నాయన లారీ డ్రైవరు. ఈ తేడా అప్పుడు నాకు తట్టలేదు.

తెల్లారే రైలెక్కినాం. మాది ఆఖరి పెట్టె, దాని వెనకనే గార్డు ఉండే పెట్టె. గుంతకల్లులో ఉగ్గాని బజ్జి తిన్నాం. ఎనిమిది సార్లు చూసినానని వీళ్ళకు గూడా చెప్పి, బళ్ళారి దాకా ఊపిరి తీసుకోకుండా హంపి గురించి చెప్పినాను. రాతిరథాన్ని గుర్రాలు లాగతాన్నట్టు ఎట్ల చెక్కినారో చేతులు తిప్పి మరీ చెప్పినాను. ఆడోళ్ళు నోరు తెరుచుకొని విన్నారు.

"ఎంత చదివింది ఈ పిల్ల!" అనింది లిల్లీ అక్క. మా అందరిలో వాట్సాప్ బాగా వచ్చింది ఆమెకే.

హొసపేట వచ్చింది. హంపికి దిగాల్సింది అక్కడే. నేను అందరికంటే ముందు దూకి, అందరికీ కనపడాలని వెనక్కి, గార్డు పెట్టె దిక్కుకు పరిగెత్తినాను. సెల్ఫీ స్టిక్కు పొడుగ్గా లాగి, పచ్చగుడ్డ విప్పి, "ఇట్ల రండి!" అని ఊపినాను.

లిల్లీ అక్క అప్పుడే ఒక కాలు కింద పెట్టబోతాంది.

"లిల్లీ! కాలు ఎనక్కి తియ్!"

రూతమ్మ పెద్దమ్మ అరుపుకు ప్లాట్‌ఫారం మీద కాఫీ అమ్మే ఆయన గూడా తిరిగి చూసినాడు. పెద్దమ్మ లిల్లీ అక్క కొంగు పట్టి లోపలికి గుంజి, వాకిలికి రెండు చేతులూ అడ్డం పెట్టేసింది.

"పచ్చజెండా పడింది! ఒక్కతి గూడా దిగేది లేదు!"

వాళ్ళు నన్ను చూడలేదేమో అనుకొని ఇంకా గట్టిగా ఊపినాను.

"చూడండే, ఎంత గట్టిగా ఊపతాండాడో! కూర్చోండి, కూర్చోండి!"

ఊపతాండాడు అంట! కండ్లద్దాలు లేకుంటే పెద్దమ్మకు మనుషులు ఆనరు. జెండా మాత్రం మైలు దూరం నుంచి ఆనతాది. తెల్లచొక్కా, టోపీ, ఆఖరి పెట్టె పక్కన పచ్చజెండా... గార్డు అనుకుంది నన్ను. ముప్పై ఏండ్ల అలవాటు. జెండా పడినాక దిగిన మనిషి కాలు పోవడం కండ్లారా చూసిన మనిషి. ఆమెను తోసుకొని ఎవరు దిగుతారు?

నేను వాకిలి దగ్గరికి ఉరికినాను. "పెద్దమ్మా, నేనే! గ్రేసీని! దిగండి!"

అప్పుడే నిజంగా కూత పడింది. రైలు కదిలింది.

"కదిలే రైల్లోంచి దిగమంటాండావా? బుద్ధుండాదా నీకు?" అని పెద్దమ్మ నా మీదే ఎగిరింది. పక్క కిటికీలోంచి పన్నెండు మందిలో ఒకామె నాకు టాటా చెప్పింది. టాటా!

రైలు పోయింది. నేనూ, నా రవికగుడ్డా మిగిలినాం. వెనక నుంచి ఒక ఖాకీ బట్టల ఆయన వచ్చి, జెండా ఊపేదానికి నువ్వెవరని కన్నడంలో మొదలుపెట్టినాడు.

"జెండా కాదు సార్, రవికగుడ్డ."

ఆయన గుడ్డ ముట్టుకొని చూసినాడు. అటూ ఇటూ తిప్పినాడు. తర్వాత పది నిమిషాలు తిట్టినాడు. సగమే అర్థమయింది, ఆ సగమే చాలు. గుడ్డ ఆయన పెట్టుకొని, కట్టె నా చేతికిచ్చినాడు.

ఫోన్ చేసినాను. "పెద్దమ్మా, యాడుండారు?"

"పెద్ద ఏరు దాటినాం పాపా. తుంగభద్రంట! మన కర్నూలు కాడ పారేది ఇదేనంట. ఎన్ని నీళ్ళో! ఈ ఏరు గురించి నువ్వేం చెప్పలేదే?"

"చెప్పేదానికి నేను రైల్లో లేను గదా పెద్దమ్మా!"

"అదే అనుకుంటాండాం. గైడు యాడికి పోయిందబ్బా అని."

నా బీపీ అప్పుడే మొదలయింది. "వచ్చే స్టేషన్ కొప్పళ. ఆడ దిగి, బెంచీ మీద కూర్చోండి. నేను బస్సులో వస్తాండా. కదలొద్దు!"

"సరేలే."

బస్సెక్కినాను. గంట ప్రయాణం. సీటు లేదు. ఒక చేత్తో కడ్డీ, ఇంకో చేత్తో సెల్ఫీ స్టిక్కు. కొప్పళ స్టేషన్‌కు ఆటోలో పోయి చూస్తే బెంచీ ఉండాది. మీద ఎవరూ లేరు.

"పెద్దమ్మా, యాడుండారు?"

"హొసపేటలో పాపా. నువ్వు యాడుండావు?"

నేను బెంచీ మీద కూలబడినాను. "కదలొద్దని చెప్తి గదా!"

"స్టేషన్‌లో డ్యూటీలో ఉండే ఆయన చెప్పినాడమ్మా, ఎదురు రైలు వస్తాంది, టికెట్ తీసుకొని ఎక్కండి, హొసపేటలో దింపుతాది అని. డ్యూటీలో ఉండే మనిషి చెప్పినాక ఇనకుంటే ఎట్ల?"

నా డ్యూటీ? నేను డ్యూటీలో లేనా? అడిగే ఓపిక లేదు.

"సరే. ఇప్పుడన్నా ఆడే ఉండండి. వస్తాండా."

"ఊరికే కూర్చొని ఏం చేయాల పాపా? హంపి బస్సు కనపడతానే ఉండాది. నువ్వు నిదానంగా రా."

ఫోన్ పెట్టేసింది! మూడు నెలలు కండ్లు కాయలు కాచేటట్టు నేను వీడియోలు చూసింది ఎందుకు? వాళ్ళకు చూపించేదానికి కదా! తిరుగు బస్సు మునిరాబాద్ దగ్గర పంక్చరయింది. స్టెప్నీ ఉండాది, జాకీ లేదు. వేరే బస్సు ఆపి జాకీ అడిగినారు. ఆ బస్సులో జాకీ ఉండాది, హ్యాండిల్ లేదు. మూడో బస్సు దాకా నేను రోడ్డు పక్కన ఎండలో నిలబడి, మనసులో విరూపాక్ష గుడి గోపురం వివరాలు చెప్పుకుంటా ఉన్నాను. వినేదానికి ఒక మేక ఉండె.

హొసపేట చేరేసరికి రెండున్నర దాటింది. ఫోన్ చేస్తే లిల్లీ అక్క ఎత్తింది. "అయిపాయ గ్రేసీ! అన్నీ చూసినాం! బస్సు కోసం నిలబడుకోని ఉండాం."

ఇప్పుడు నేను హంపికి పోతే వాళ్ళు హొసపేటకు వస్తారు. ఇంకోసారి ఎదురెదురుగా దాటుకుంటే నాకు పిచ్చి పట్టేది ఖాయం. పదమూడు కిలోమీటర్ల అవతల హంపి పెట్టుకొని, ప్లాట్‌ఫారం మీద కూర్చొని బిస్కెట్లు తిన్నాను.

వచ్చినారు పన్నెండు మంది! మొగాలు ఎండకు మాడినా దీపాల్లాగ వెలుగుతాండాయి. తిరుగు రైల్లో నోరు మూస్తే ఒట్టు. బస్సు దిగి ఆటోలు మాట్లాడుకున్నారంట. అక్కడ ఒక బడి గుంపు వచ్చింటే, వాళ్ళ టీచరమ్మది బళ్ళారంట, తెలుగు బాగా వస్తాదంట, ఆమె వెనకాలే తిరిగినారంట.

"ఎంత బాగా చెప్పిందో! నిదానంగా! ఊపిరి తీసుకొని!" అనింది ఒకామె. నేను ఆ మాట విననట్టు ఉన్నాను.

రూతమ్మ పెద్దమ్మ వచ్చి నా పక్కన కూర్చొని గొంతు తగ్గించింది.

"మే గ్రేసీ. రథం ముందర ఏనుగులుండాయి. నువ్వు గుర్రాలంటివే."

నేను టోపీ తీసి బ్యాగులో పెట్టుకున్నాను.

"ఎనిమిది సార్లు చూసినావా నువ్వు?"

నేను కిటికీలోంచి బయటికి చూసినాను. బయట చూసేదానికి ఎండిన చేలు తప్ప ఏమీ లేవు.

"ఒక్కసారి గూడా చూళ్ళేదు పెద్దమ్మా."

తిడతాదనుకున్నాను. బల్ల ఊగిపోయేటట్టు నవ్వింది. కొంగుతో కండ్లు తుడుచుకొని, "పొద్దన్నే అనుకున్నా. చూసిన మనిషి అట్ల బట్టీ పట్టినట్టు చెప్పదు" అనింది.

"రఫీ సార్‌కు చెప్పొద్దు పెద్దమ్మా. చీరల షాపుకు పోవాల్సి వస్తాది."

"నాకేం పని? కాగితం తియ్. చెప్తా, రాసుకో."

రాసుకున్నాను! ఎక్కడ మెట్లు ఎక్కువ, ఎక్కడ చెప్పులు విడవాల, ఎక్కడ నీడ ఉండాది, ఆడోళ్ళ బాత్‌రూం ఎటువైపు. నా వీడియోల్లో ఒక్క దాంట్లో గూడా లేవు ఇవి. పెద్దమ్మ చెప్తాంటే నాలుగు పేజీలు నిండినాయి.

లిల్లీ అక్క ఫోటో పంపింది. రాతిరథం, ముందర ఏనుగులు, ఏనుగుల పక్కన పన్నెండు మంది వరసగా. తీసింది ఆ టీచరమ్మంట. వెంటనే రఫీ సార్‌కు పంపినాను. రెండు నీలం టిక్కులు పడినాయి. ఫోన్ మోగింది. పెద్దమ్మ వినాలని స్పీకర్ పెట్టినాను.

"శభాష్ గ్రేసీ! లెక్కబెట్టినా, పన్నెండు మందీ ఉండారు. నువ్వేమి, కనపడవు?"

"ఫోటో తీసేటోళ్ళు ఫోటోలో ఎట్ల పడతారు సార్?"

పెద్దమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది.

"అదీ నిజమేలే. పని నీదే పో! వచ్చే శనివారం ఇరవై మంది. ఈసారి మా ఇంటోళ్ళను పిలుచుకొని నేను గూడా వస్తాండా. ఇన్నేండ్లు అందరికీ టికెట్లు తీసిస్తినే గాని హంపి మొగం చూసింది లేదు. నా పక్కనే ఉండి ఒక్కొక్క రాయీ నువ్వే చూపియ్యాల."

"అట్లే సార్! తప్పకుండా సార్!"

ఫోన్ పెట్టేసినాను. నాలుగు పేజీల నోట్సు ఒళ్ళో ఉండాది. అందులో రాతిరథానికి ఏ దిక్కున పోవాలో మాత్రం లేదు. మెల్లగా పెద్దమ్మ దిక్కు తిరిగినాను.

"పెద్దమ్మా... వచ్చే శనివారం నీకేమన్నా పనుండాదా?"