నోట్లో గుండుసూదులు

మా వీధిలో కోట్లు కుట్టే దర్జీని అందరూ అంగుళం అని పిలిచేవారు. ఎవరి బట్ట కుట్టినా లోపలి మడతలో ఒక అంగుళం గుడ్డ మిగిల్చి ఉంచేవాడు. ఇవాళ సన్నగా ఉన్నవాడు రేపు ఒళ్లు చేస్తాడు, పదవిలోకి వచ్చినవాడైతే రేపటిదాకా కూడా ఆగడు అనేవాడు. కంటితోనే కొలిచేవాడు. ఒకసారి వీధిలో పోతున్న కుక్కను చూసి, దీని తోక అర అంగుళం పొట్టి అన్నాడు. ఆ కుక్క సిగ్గుపడి మళ్లీ మా వీధిలోకి రాలేదు. ఈ కథలో కుక్క సంగతి ఒక్కటే నా కల్పన. మిగిలింది జరిగింది. అతని కొట్టు పక్కనే నా గడియారాల కొట్టు. మధ్యలో ఉన్నది చెక్కగోడ, దానికో కన్నం.

మాది రాజధాని కాబట్టి అతనికి పెద్ద గిరాకీలు ఉండేవి. అధ్యక్షుడి కోట్లు, అసెంబ్లీ సభాపతి అంగీ, పెద్ద కోర్టు జడ్జీల నల్ల గౌన్లు అతనే కుట్టేవాడు. వాటిని మూడు వేరు వేరు దండేల మీద తగిలించేవాడు. ఒకరి గుడ్డ మీద ఇంకొకరి కొలత పడకూడదని వాళ్ల నాన్న పెట్టిన నియమం. నాకా నియమం చూస్తే నవ్వొచ్చేది. మేమిద్దరం చదివిన కాన్వెంటులో సివిక్స్ చెప్పిన సిస్టర్ మూడు వేళ్లు ఎత్తి, చట్టం చేసేది ఒకరు, నడిపించేది ఒకరు, తప్పొప్పులు తేల్చేది ఒకరు, ఈ మూడూ ఎప్పుడూ విడివిడిగా ఉండాలి అన్నారు. "మూడు వేళ్లూ ఒకే చేతివి కదా సిస్టర్?" అన్నాను. ఆ పీరియడంతా మోకాళ్ల మీద నిలబడ్డాను. పక్కన నవ్వినందుకు అంగుళం కూడా నిలబడ్డాడు.

అతనికి పిల్లల్లేరు. అతనికంటే బాగా చిన్నవాడైన తమ్ముడే కొడుకు. బస్సు కండక్టరు. ఊరంతా వాణ్ని రైట్‌రైట్ అనేది. ఇంగ్లీషులో హక్కును కూడా అదే మాటతో పిలుస్తారు గనక ఆ పేరు వాడికి రెండు వైపులా నప్పింది. డిపోలో ఎవరికి అన్యాయం జరిగినా ముందు వీడి గొంతే లేచేది.

"కుట్టులో ఒక అంగుళం ఉంచుకోరా, ఎందుకు అంత బిగుతు?" అనేవాడు అన్న.

"నాది రెడీమేడ్ అన్నయ్యా. మడతలో ఏం మిగల్చలేదు," అనేవాడు తమ్ముడు.

ఒక ఏడాది అధ్యక్షుడు తన సభకు జనాన్ని తోలడానికి డిపోలోని బస్సులన్నీ కావాలన్నాడు. ఆస్పత్రికి పోయేవాళ్లూ, పనికి పోయేవాళ్లూ ఏమైపోతారని రైట్‌రైట్ అడ్డం తిరిగాడు. డ్రైవర్లు ఇంజన్లు ఆపేశారు. అప్పుడు అసెంబ్లీకి సెలవులు. అధ్యక్షుడు ఎవరినీ అడగకుండా తనే ఒక ఉత్తర్వు జారీ చేశాడు: బస్సు ఆపితే నేరం, విచారణకు ప్రత్యేక అధికారి. ఆ అధికారిని నియమించిందీ ఆయనే. డిపోలో పదిమందికి పైగా దొరికారు. అందరికీ మూడేళ్ల శిక్ష పడింది. చట్టం రాసింది ఆయన, తీర్పు చెప్పింది ఆయన మనిషి, తాళం వేసింది ఆయన పోలీసు. సిస్టర్ చూపించిన మూడు వేళ్లూ పిడికిలి అయిపోయాయి.

ఒక ప్లీడరమ్మ ముందుకొచ్చి పెద్ద కోర్టులో కేసు వేసింది. అసెంబ్లీ ఒప్పుకోని ఉత్తర్వుతో మనిషిని జైల్లో పెట్టే అధికారం అధ్యక్షుడికి లేదన్నది వాదన. కేసు రైట్‌రైట్ పేరు మీద నడిచింది. అది నెగ్గితే అందరూ బయటికొస్తారు. వాదనలు బాగా సాగుతున్నాయనీ, పెద్ద జడ్జి, ఒక ముసలావిడ, సర్కారు వకీలుకు చెమటలు పట్టిస్తోందనీ చెప్పుకున్నారు.

ఈలోగా అంగుళం జైలుకు వెళ్లి తమ్ముణ్ని చూసి వచ్చాడు. ఆ రోజు మిషను తొక్కలేదు. నేను కన్నంలోంచి "ఏరా, ఎలా ఉన్నాడు?" అన్నాను.

"మెడ పదిహేనున్నర ఉండేదిరా వాడికి. ఇప్పుడు పద్నాలుగు కూడా లేదు. కాలర్లో నా పిడికిలి పడుతుంది."

"జైలు తిండి. బయటికొస్తే మీ ఆవిడ పెట్టి పెట్టి ఒళ్లు చేయిస్తుందిలే."

"తిండి కాదు. దగ్గుతున్నాడు. అరచెయ్యి నోటికి అడ్డం పెట్టుకుని, నాకు చూపించకుండా తుడుచుకున్నాడు."

ఆ వారమే అధ్యక్షుడి కొత్త కోటుకు ట్రయల్. పని మానలేడు, పిలిస్తే వెళ్లాడు. భుజం దగ్గర గుడ్డ సరిచేస్తూ అలవాటుగా గుండుసూదులు పెదాల మధ్య పెట్టుకున్నాడు. అప్పుడు అధ్యక్షుడు అద్దంలోంచి అతన్ని చూసి చాలా ఆప్యాయంగా మాట్లాడాడట.

"ఆ కండక్టరు మీ తమ్ముడట కదా? చిన్నవాడు, ఆవేశం. క్షమించడానికి నాకు అధికారం ఉంది. కానీ అడగనిదే ఇవ్వకూడదని రాజ్యాంగం. నేను రాజ్యాంగం దాటేవాణ్ని కాను కదయ్యా. వాణ్ని వదిలెయ్యమంటావు, అంతేగా?"

"ఊఁ," అన్నాడు అంగుళం.

దర్జీ నోట్లో సూదులున్నప్పుడు ఎవరేమన్నా వచ్చే శబ్దం అదొక్కటే. చెయ్యి ఎత్తమనడానికీ ఊఁ, పొట్ట లోపలికి లాగమనడానికీ ఊఁ. వాళ్లావిడ ఎన్నోసార్లు అడగరానివి అడిగి అలాగే ఒప్పించుకుంది. కానీ మన భాషలో ఊఁ కొట్టడమంటే ఒప్పుకోవడమే. సూదులు తీసి పిన్‌కుషన్‌కి గుచ్చి అతను నోరు తెరిచేలోపు, అధ్యక్షుడు కోటు విప్పి సెక్రెటరీతో పాటు వెళ్లిపోయాడు.

ఆ సాయంత్రం నా కొట్లోని రేడియో చెప్పింది: అన్నగారు స్వయంగా వచ్చి వేడుకోగా, దయామయుడైన అధ్యక్షుడు కండక్టరుకు క్షమాభిక్ష పెట్టాడు. చెక్కగోడ అవతల కత్తెర కింద పడిన చప్పుడు వినబడింది.

జైలు నుంచి తోసేస్తే బయటపడ్డ మనిషిని నేను వాణ్నొక్కణ్నే చూశాను. వెళ్లను అంటే ఇద్దరు వార్డర్లు గేటు బయట నిలబెట్టి తలుపు వేసుకున్నారట. ఇంటికొచ్చి గుమ్మం బయటే ఆగాడు. వదిన మంచినీళ్లు తెచ్చింది.

"లోపలికి రారా. నీళ్లు తాగు ముందు."

"ఆగు వదినా. అన్నయ్యా, నువ్వు నాకోసం భిక్ష అడిగావా?"

"నోట్లో సూదులున్నాయిరా."

"అడిగావా, లేదా?"

"అడగలేదు. ఆయనేదో అన్నాడు, ఊఁ అన్నాను. మాట్లాడేలోపు వెళ్లిపోయాడు."

తమ్ముడు తేలిగ్గా ఊపిరి వదిలి, ఆ వెంటనే దగ్గాడు. నీళ్లు తాగాడు. "అయితే మరేం ఫరవాలేదు. ఆ ముక్క కోర్టులో చెప్పు. భిక్ష అంటే ముష్టి అన్నయ్యా. తప్పు చేసినవాడు అడుక్కునేది. నేను చేయి చాచానంటే, చట్టం ఒప్పుకున్నట్టే, నేరం ఒప్పుకున్నట్టే. నా పేరు మీద కేసు పోతే లోపలున్నవాళ్లంతా పోతారు."

మర్నాడు ప్లీడరమ్మ కూడా అదే చెప్పింది. అడగకుండా పెట్టిన భిక్ష చెల్లదు. దర్జీగారు జడ్జిగారి ముందు నేనడగలేదు అంటే కేసు బతుకుతుంది. ఈ కేసు పోతే, కొత్త కేసు వేసే లోపు అసెంబ్లీ సెలవులు అయిపోతాయి. అక్కడ అధ్యక్షుడి మనుషులే ఎక్కువ, చేతులెత్తి ఆ ఉత్తర్వుకు ముద్ర వేసేస్తారు. అప్పుడు ఏ జడ్జీ చెయ్యగలిగిందేమీ ఉండదు.

"నేనలా చెబితే, వీడు?" అన్నాడు అంగుళం.

ప్లీడరమ్మ తమ్ముడి వైపు చూసింది. "తీర్పు వచ్చేదాకా మళ్లీ లోపలికి వెళ్లాలి. రెండు నెలలు పట్టొచ్చు, ఇంకా ఎక్కువ పట్టొచ్చు."

"వెళతాను," అన్నాడు తమ్ముడు. "డ్రైవరు బాబాయ్‌కి అప్పుడే చెప్పొచ్చాను, పరుపు మడత పెట్టకు, వచ్చేస్తున్నానని." ఆ డ్రైవరు వాడి బస్సు నడిపినాయనే. తండ్రి వయసువాడు.

డాక్టరు వచ్చి చూశాడు. తమ్ముణ్ని బయటికి పంపి అన్నావదినలతో మాట్లాడాడు. ఎండా గాలీ మందూ ఉంటే కోలుకుంటాడట. ఆ జైలు గదిలోకి మళ్లీ వెళితే చెప్పలేనన్నాడు. వదిన మరిది చేత ఒక్క మాట అనిపించుకోకుండా వారం రోజులు పెరుగూ గుడ్లూ పెట్టింది. మొగుడితో మాత్రం అంది, "నువ్వేం చెప్పినా నేను నిన్నేమీ అనను. కానీ నాకు చెప్పి వెళ్లకు. విన్నానంటే ఆపుతాను."

కోర్టు రోజున నేనూ వెళ్లాను. కొట్టు మూసి వెళ్లడం నా జన్మలో అరుదు. జనం కిటికీల దాకా ఉన్నారు. జైల్లో ఉన్నవాళ్ల పెళ్లాలూ తల్లులూ ఒక పక్కన కూర్చున్నారు. డ్రైవరు భార్య నన్ను చూసి నవ్వింది. ఆవిడ గడియారం నా దగ్గరే ఉంది, ఆయన వచ్చాక తీసుకుంటానంది.

పెద్ద జడ్జి అంగుళాన్ని మెత్తగా పలకరించింది. "దర్జీగారూ, భయపడకండి. ఇది చిన్న ప్రశ్న. మీరు అధ్యక్షుడి దగ్గరికి వెళ్లి, మీ తమ్ముడికి క్షమాభిక్ష పెట్టమని అడిగారా?"

ఆ రోజు అతని నోట్లో సూదుల్లేవు. నోరు ఖాళీగా ఉంది. తమ్ముడు ఎదురుగా నిలబడి తల ఊపాడు, చెప్పు అన్నట్టు. అంగుళం వాడి మొహం చూడలేదు. మెడ చూశాడు. చొక్కా కాలరు ఒక పక్కకు జారి ఉంది.

"ఏమండీ?" అంది జడ్జి.

"అడిగానమ్మా," అన్నాడు.

ప్లీడరమ్మ కళ్లజోడు తీసింది. జడ్జి ఇంకోసారి అడిగింది, ఎవరైనా మిమ్మల్ని బెదిరించారా అని కూడా అడిగింది. "లేదమ్మా. నేనే అడిగాను. కాళ్లు పట్టుకున్నాను," అన్నాడు. ఆ కాళ్ల సంగతి ఎవరూ అడగలేదు. అబద్ధాల్లో నాకున్న అనుభవంతో చెబుతున్నాను, కొత్తవాడు ఎప్పుడూ ఒక మాట ఎక్కువ ఆడతాడు. ఆవిడకీ తెలిసే ఉంటుంది. కానీ చెవిన పడ్డ మాట కాగితం మీదికెక్కింది. విడుదల కోరిన వ్యక్తి బయటికొచ్చేశాడు కాబట్టి తేల్చడానికేమీ మిగల్లేదని ఆవిడ గొంతు తగ్గించి చదివింది.

తమ్ముడు జారిన కాలరు సర్దుకుని బయటికి నడిచాడు. అరిచినా బాగుండేది. తల్లుల వైపు నుంచి ఒక్కావిడే, "మా వాళ్లకీ అడగవయ్యా, నోరుందిగా!" అంది. వెంటనే చీర కొంగు నోట్లో కుక్కుకుంది.

నిజంగానే అడిగాడు అంగుళం. అధ్యక్షుడి భవనం గేటు దగ్గర రోజుల తరబడి నిలబడ్డాడు. ఎవరూ లోపలికి పిలవలేదు. కోటు తయారైపోయింది, కేసు పోయింది, ఇక అతనితో పనేముంది? అసెంబ్లీ తెరిచారు, చేతులెత్తారు, ఉత్తర్వు చట్టమైంది.

ఎండాకాలంలో డ్రైవరు జైలు ఆస్పత్రిలో పోయాడు. ఆయన భార్య యూనిఫాం మడిచి తీసుకుని కొట్టుకొచ్చింది. తిడుతుందని నేను కన్నం దగ్గరికి చేరాను.

"ఇది ఆయన ఒంటి మీద నిలవట్లేదు," అంది. "జారిపోతోంది. కాస్త లోపలికి బిగించి కుడతావా అన్నయ్యా? రేపు పొద్దున్నే తీసుకెళ్తారు."

"కొలత, తల్లీ?"

"మీ తమ్ముడి కొలత అనుకో. అప్పటిది."

అంగుళం మిషను ముందు కూర్చున్నాడు. తల పైకెత్తలేదు. ఆవిడ స్టూలు మీద అలాగే కూర్చుంది. నేను ఆవిడ గడియారం పట్టుకెళ్లి ఇచ్చాను. అది నడుస్తోంది. ఆవిడ దాన్ని చెవి దగ్గర పెట్టుకుని, సంచిలో వేసుకుంది.

రైట్‌రైట్ కోలుకున్నాడు. డాక్టరు చెప్పినట్టే ఎండా గాలీ పనిచేశాయి. క్షమాభిక్షతో పాటు ఉద్యోగం కూడా తిరిగొచ్చింది. డిపోలోని విశ్రాంతి గదికి మకాం మార్చాడు. సెలవు రోజున జైలుకు వెళ్లి మిగిలినవాళ్లను చూసొచ్చేవాడు. వదిన అన్నం డబ్బా పంపితే తీసుకునేవాడు, డబ్బా కడిగి పంపేవాడు. అన్నతో మాత్రం మాట లేదు.

ఊరుకోలేక ఒకసారి వెళ్లాను. "మీ అన్న అధ్యక్షుణ్ని అడగలేదురా. నీకు తెలుసు కదా?"

"తెలుసు మావయ్యా. అన్నయ్య ఎవరినీ ఏదీ అడిగే మనిషి కాదు." టికెట్ల కట్టను బొటనవేలితో సవరించుకుంటూ అన్నాడు. "అడగాల్సింది నన్ను. బతుకుతావా, వాళ్లతో లోపలే ఉంటావా అని నన్నడగాల్సింది. నేను ఉంటాననే వాణ్ని. అందుకే అడగలేదు."

"నువ్వు చచ్చిపోయేవాడివిరా!"

"ఏమో. బాబాయ్ చచ్చిపోయాడు."

నేను లేచి కొట్టుకొచ్చేశాను. నా దగ్గరున్నవి కథలే, అవి వాడికి పనికిరావు.

అంగుళం అప్పట్నుంచి మధ్యాహ్నాలు కొట్టు మూసి తమ్ముడి బస్సెక్కేవాడు. నన్నూ ఒకసారి రమ్మన్నాడు. వెనక సీట్లో కూర్చున్నాం. రైట్‌రైట్ వరుసగా టికెట్లు కొడుతూ వచ్చాడు. ఖాకీ కాలరు మెడకు సరిగ్గా పట్టింది, గుండీ కూడా పెట్టుకున్నాడు. అన్న ముందు ఆగాడు. ఎదురుగా ఉన్నది ఏ ప్రయాణికుడో అన్నట్టు, "ఎక్కడిదాకా?" అన్నాడు.

"చివరిదాకా," అన్నాడు అంగుళం.

టికెట్ చించి చేతిలో పెట్టి ముందుకు వెళ్లిపోయాడు. చివరి స్టాపులో అందరూ దిగారు. అంగుళం దిగలేదు. బస్సు వెనక్కి తిరిగింది. తమ్ముడు మళ్లీ అతని దగ్గరికి వచ్చి ఆగాడు, మళ్లీ అదే ప్రశ్న అడిగాడు. వాళ్లిద్దరి మధ్య మిగిలిన మాట అదొక్కటే గనక, వినడానికి అతను రోజూ రెండు టికెట్లు కొనుక్కునేవాడు.