తెర వెనక మా అత్తమ్మ

బడిలో హాజరు పిలుస్తుంటే నిజామాబాద్ కంఠేశ్వర్ నుంచి ఫోన్ వచ్చింది. చేసింది మా మేనత్త కొడుకు. "వదినె, అమ్మ పోయింది. పొద్దున చాయ్ తాగి, పేపర్ సూసుకుంట కుర్చీలనే ఒరిగింది" అన్నాడు. ఏడుపు కన్నా ముందు నాకొక ఆలోచన వచ్చింది: ఆఖరి నిమిషంలో పేపర్లో ఎవరి ముఖం చూస్తూ ఉందో!

అత్తమ్మ సినిమాల్లో పనిచేసింది, కానీ తెర మీద ఒక్కసారీ కనబడలేదు. కథలోని ఇల్లు ఎట్లా ఉండాలో చూసి సిద్ధం చేయడం, చిన్న వేషాలకు మనుషులను వెతికి తేవడం ఆమె పని. బస్సులో ఎవరినో రెప్పవేయకుండా చూస్తుంటే నేను సిగ్గుపడి చెయ్యి గుంజేదాన్ని. "ఆగవే, ఆయన చెవులు సూడు. అచ్చం పోస్ట్‌మాస్టర్ చెవులు" అనేది. ఎవరింటికి పోయినా ముందు గోడలు చూసేది. "స్విచ్చు సుట్టూ చేతుల మురికి లేకుంటే ఆ ఇంట్ల మనుషులు బతుకుతున్నట్టు ఎట్ల నమ్ముతరు?" అనేది.

అమ్మా నేనూ ఆమె ఇంటికి పోయొస్తున్నా, సినిమాల్లోకి పోయిందని ఆమె సొంత అన్న, అంటే మా బాపు, చాలా ఏండ్లు ఆమెతో మాట్లాడలేదు. అట్లాంటిది చెరుకు రైతు కథ ఒకటి తీయడానికి ఆమె పని చేసే బృందం బోధన్ పక్కనున్న మా ఊరికే వచ్చింది.

అప్పుడు నేను డిగ్రీలో ఉన్నాను. కాలేజీ నాటకాల్లో బహుమతులు తెచ్చుకున్నదాన్ని. మేనకోడలిని కదా, వేషం ఖాయమనుకుని పోయి అందరి ముందూ బాగా ఏడ్చి చూపించాను.

"మంచిగ చేసినవ్ బిడ్డా. కాని నువ్వు ఏడుస్తలేవు, ఏడుపు సూపెడుతున్నవ్" అంది అత్తమ్మ.

అలిగి ఓ మూలన కూర్చున్నాను. అప్పుడే అమ్మ నాకు అన్నం డబ్బా పట్టుకొచ్చింది. నా ముఖం చూసి, మూత తీసి ముందు పెట్టి, "తిని అలుగు" అంది.

అత్తమ్మ గిరుక్కున తిరిగింది. "వదినె! గా మాట మల్లొక్కసారి అను."

"ఏ మాట?" అంది అమ్మ కొంగు సర్దుకుంటూ. రైతు భార్య వేషం అక్కడే ఖాయమైంది. "మీ అన్న ఊకుంటడా?" అని అమ్మ భయం.

ఆ సాయంత్రం అత్తమ్మ మా ఇంటికి వచ్చింది. బాపు పొలం మోటారు విప్పుకుని కూర్చున్నాడు, తల ఎత్తలేదు. "అన్నా, వదినె నాకు మూడు రోజులు కావాలె. నీ పాత అంగి గూడ" అంది.

బాపు పానాతో ఇంకో బోల్టు విప్పాడు. "అంగి ఎందుకు?" అన్నాడు. అన్ని ఏండ్ల తర్వాత చెల్లెలితో ఆయన మొదటి మాట అదే.

"కథల వదినె మొగడు పొలంకాడ ఉంటడు. ఇంట్ల దండెం మీద ఆయన అంగి ఉండాలె. కొత్త అంగికి చెమట మరకలు ఏడికెళ్లి తేను?"

బాపు చేతులు తుడుచుకుని లేచాడు. లోపలికి పోయి అంగి తెచ్చి ఆమె చేతిలో పెట్టాడు. "మీ వదినెనే అడుగు. నన్నెందుకు అడుగుతవ్?" అన్నాడు. ఆ రాత్రి అత్తమ్మ మా ఇంట్లోనే తిన్నది.

నిజామాబాద్ టాకీసులో ఆ సినిమా చూశాం. తెర మీద తనను చూసుకోగానే అమ్మ కొంగుతో ముఖం కప్పుకుంది. బాపు మాత్రం నాలుగు వరసలకు వినబడేలా "గది నా అంగి!" అని అరిచాడు. అత్తమ్మ ఎంత నవ్విందో!

నేను టీచర్ అయ్యాక ఓసారి ఆ పాత అలక గుర్తుచేశాను. "నీ క్లాసు కిటికీలకెళ్లి సూసిన. నువ్వు చేసే యాక్టింగ్ గా పిలగాండ్లకు కావాలె, నాకెందుకు?" అంది. ఆ మాట ఇప్పటికీ మురిపెంగా ఉంటుంది.

పదో రోజు షామియానా కింద మేం ఎరుగని వాళ్లు చాలామంది చేరారు. ఎవరూ పేర్లు చెప్పుకోలేదు. "నేను కాంపౌండర్ను" అన్నాడొకాయన. "నేను పెండ్లిపిల్ల మేనత్తను" అంది నందిపేట్ నుంచి వచ్చిన ఒకామె. అందరూ చిన్న వేషాలకని అత్తమ్మ ఎక్కడెక్కడో పట్టి తెచ్చిన మనుషులే.

భోజనాలు మొదలయ్యాక పోచంపాడ్ నుంచి చేపలు పట్టే ఒక పెద్దాయన వచ్చాడు. అత్తమ్మ ఆయనను ఒక సినిమాలో జడ్జిని చేసిందట. అదే సినిమాలో ముద్దాయిగా బోనులో నిలబడ్డ ఆటో డ్రైవర్ అప్పటికే విస్తరి ముందున్నాడు. పెద్దాయనను చూడగానే ముద్ద వదిలి లేచి నిలబడ్డాడు. పెద్దాయన తువ్వాల భుజాన సర్దుకుని, అతన్ని ఎగాదిగా చూసి, "కూసో" అన్నాడు. షామియానా అంతా నవ్వింది. వాళ్లిద్దరూ మాత్రం నవ్వలేదు.