మూడోసారి కలిపిన రాగిపిండి

డెబ్బైల చివర, చిత్తూరులో మా కుక్క రెండు రోజులు నీళ్లు ముట్టలేదు. పిచ్చి పట్టిందేమోనని వీధివాళ్లు భయపడ్డారు. సాయంత్రంలోగా ఏమీ తినకపోతే మున్సిపాలిటీ వాళ్లను పిలుస్తామన్నారు.

అమ్మ రాగిపిండిలో బెల్లం, వేరుశనగ పొడి కలిపి బిళ్లలు కాల్చింది. మామూలుగా ఆ వాసనకే కుక్క గంతులేసేది. పెరట్లో కట్టేసిన దానికి కిటికీలోంచి ఒకటి విసిరితే నోట కరుచుకుంది. మింగలేక చొంగతో పాటు వదిలేసింది.

"గట్టిగా ఉండాదేమో," అంటూ అమ్మ పాలు పోసి మెత్తగా చేసింది. అదీ నేలపాలైంది.

"ఇంక సాలు మేయ్. దాని గొంతే పట్టేసినాది, యాడ మింగుతాది?" అన్నాడు నాయన.

"నువ్వు ఊరికుండు. ఇంకా చిన్నవి చేస్తా."

సాయంత్రం మున్సిపాలిటీ వాళ్లు గేటు తీసేసరికి ఆమె శనగగింజంత ఉండలు చుడుతూ ఉంది. వాళ్లు దాన్ని తీసుకుపోయాక కూడా, పిండి అయిపోయేదాకా చుట్టింది.