బోణీకి ముందు దోశ

దోశకు డబ్బులు వద్దంటే మనిషికి కోపం వస్తుందని కర్నూలులో బండి పెట్టేదాకా నాకు తెలియదు.

మాది కడప. మా ఆయన హోటళ్లలో చాలా ఏళ్లు పెనం ముందు నిలబడ్డ మనిషి. ఒకరి కింద చేసింది చాలనుకుని, సరుకులు మోసే పాత చిన్న ట్రక్కు ఒకటి తీసుకున్నాం. వెనక భాగానికి రేకులు బిగించి, పెనం, గ్యాసు, నీళ్ల డ్రమ్ము అమర్చి ఫుడ్ ట్రక్కు చేయించాం. పక్కన పెద్ద అక్షరాలతో ‘కడప కారం దోశ’ అని రాయించాం. బస్టాండుకు పోయే రోడ్డులో ఒక ఇనుప సామాన్ల అంగడి ఉంది. అది ఎండ ముదిరితే గాని తెరవరు. అంతవరకు దాని ముందర బండి పెట్టుకోవడానికి అంగడి పెద్దాయన ఒప్పుకున్నాడు. అద్దె అడగలేదు. పోయేటప్పుడు వాకిలి ఊడ్చి నీళ్లు చల్లి పొమ్మన్నాడు, అంతే. కర్నూలులో పొద్దుటి పూట అలాంటి జాగా దొరకడం ఎంత కష్టమో టిఫిన్ బండ్ల వాళ్లను అడిగితే చెబుతారు. ఆ వాకిలి ఉంటే మాకు బతుకుతెరువు ఉంది, లేకపోతే లేదు.

ఇక వచ్చేవాళ్ల సంగతి. బండి మీద దోశ అని రాసి ఉంటే బొరుగుల ఉగ్గాని లేదా అక్కా అంటారు. లేదంటే, ఉగ్గాని లేకుండా కర్నూలుకు ఎందుకొచ్చినారన్నట్టు చూస్తారు. కారం తగ్గించమంటారు. తగ్గిస్తే, కడప కారమంటే ఇంతేనా అంటారు. ఒకాయన ఫోన్లో మాట్లాడుతూ నాకు ఒక వేలు చూపించాడు. ఒక దోశ వేసి చేతిలో పెట్టాను. ఫోను పక్కకు పెట్టి, ఒక్క నిమిషం ఆగమన్నానమ్మా అన్నాడు. ఆ దోశ చివరికి నేనే తిన్నాను. మా చర్చి సంఘం విశ్వాసులు వస్తే ఇంకో తంటా. నలుగురు కలిసి ప్లేట్ల మీద చేతులు చాపి ప్రార్థన మొదలుపెడితే, ఊళ్లో రోగుల కోసం, వర్షాల కోసం, దేశం కోసం అయ్యేసరికి దోశ తోలులా సాగుతుంది. అప్పుడు కళ్లు తెరిచి, ఇంకొంచెం వేడిగా ఉంటే బాగుండునమ్మా అంటారు. ప్రార్థనకు నేను అడ్డు చెప్పను. నేనూ చేస్తాను. కాకపోతే వేడివేడి దోశకు చిన్న ప్రార్థన చాలని నా అభిప్రాయం.

ఇవన్నీ ఓర్చుకోవచ్చు. ఓర్చుకోలేనిది మొదటి ప్లేటు.

బండి ప్రతిష్ఠకు మా పాస్టరు అయ్యగారు వచ్చి ప్రార్థించారు. ముందు ఆదివారం సంఘంలో నన్ను సాక్ష్యం చెప్పమన్నారు. నిలబడి దేవుడు చేసిన మేలులు చెబుతూ ఉంటే నా మనసు నిండిపోయింది. ప్రతిరోజూ పెనం మీద నుంచి దిగే మొదటి ప్లేటు ప్రభువుకు ప్రథమ ఫలమని, ఆ పొద్దు ముందుగా వచ్చినవారికి ఎవరైనా సరే ఉచితంగా ఇస్తానని అందరి ముందూ మొక్కుకున్నాను. అయ్యగారు ఆమెన్ అన్నారు. సంఘమంతా ఆమెన్ అంది. మా ఆయన ఒక్కడే అనలేదు. ఆయనకు ఆ సంగతి అప్పుడే తెలిసింది.

మొదటి రోజు ముందుగా వచ్చింది స్కూటరు మీద ఒక ఆఫీసు మనిషి. బోణీ అయిందా అక్కా అని అడిగాడు. కాలేదన్నా, మొదటి ప్లేటు మీదే, డబ్బులొద్దు, దేవునిది అని దోశ అందించాను. చాపిన చెయ్యి వెనక్కి తీసుకున్నాడు.

“అట్లెట్ల తింటానక్కా? పొద్దున్నే బోణీ ల్యాకుండా తిని పోతే, రేపు నీ బండి మునిగినాక నా మొకం సూసి తిట్టుకుంటావు. ఆ పాపం నాకొద్దు. నేను రెండో ప్లేటు తింటాలే.”

అని పక్కకు జరిగి నిలబడ్డాడు. తర్వాత వచ్చినాయనా అంతే. ఆ తర్వాత కాలేజీ పిల్లలు వచ్చారు, వాళ్లూ అంతే. అందరికీ ఆకలిగా ఉంది. అందరికీ రెండో ప్లేటే కావాలి. పెనం పొగలు కక్కుతోంది, పిండి నిండుగా ఉంది, బండి చుట్టూ జనం ఉన్నారు, ఒక్క దోశ కదలదు. రోడ్డున పోయేవాళ్లు ఇక్కడేదో గొడవ జరుగుతోందనుకుని ఆగి చూస్తున్నారు. కాసేపటికి జనం ఎదుటి పూరీ బండికి పోయారు.

రోజూ ఇదే వరస. మొదటి ప్లేటు తీసుకునే మనిషి దొరికేసరికి ఆఫీసులకు పోయేవాళ్లు పోయి ఉండేవారు. ఒకరోజు ప్రథమ ఫలాన్ని పొద్దున్నే తాగి తూలుతున్న మనిషి తీసుకుపోయాడు. ఆయనకు బోణీ పట్టింపు లేదు.

పక్కన టీ అంగడి భాయ్ మంచివాడు. మా బండి ఖాళీగా ఉంటే ఆయనకూ టీ బేరం తగ్గుతుంది. ఒక పొద్దు గ్లాసు తెచ్చి నా ముందు పెట్టి మెల్లగా చెప్పాడు.

“అక్కా, బోణీలోనే బర్కత్ ఉండేది, కలిసొచ్చేది. మొదలు ఒకటి అమ్ముకో, రెండోది ఊరికే ఇయ్యి. పైనోడు అంత గట్టిగా లెక్క సూస్తాడా?”

మా ఆయనా అదే అన్నాడు. నేను ఒప్పుకోలేదు. మనం అమ్ముకున్న తర్వాత ఇచ్చేది మిగులు. మిగులు ఎవరైనా ఇస్తారు. మొదటిది ఇవ్వడంలోనే ఉంది విశ్వాసం. దేవుని ముందు నోరు జారి మొక్కుకోవద్దని, మొక్కితే మాత్రం తీర్చి తీరాలని సండే స్కూల్లో ఎంతమంది పిల్లలకు చెప్పానో. ఇప్పుడు నాకోసం ఆ పాఠం మార్చలేను.

అయ్యగారి దగ్గరికి వెళ్లి పరిస్థితి చెప్పాను. ఆయన కళ్లు మూసుకుని విని, ప్రార్థిద్దామమ్మా అన్నారు. మరుసటి పొద్దు సంఘ పెద్ద ఒకాయన బండి దగ్గర ప్రత్యక్షమయ్యాడు. చేతిలో సంచి, ముఖం నిండా నవ్వు. “వందనాలమ్మా. ఎవరూ తీసుకోవడం లేదని అయ్యగారు చెప్పినారు. ఈ భారం నేను మోస్తాను” అన్నాడు. నిజంగానే మోశాడు. రోజూ అందరికంటే ముందు వచ్చి, నిదానంగా ప్రార్థించి, మొదటి దోశ తిని, రోంత చట్నీ వేయించుకుని, సేవ చేసిన తృప్తితో పోయేవాడు. ఆయనకు ఇంట్లో తిండికి కొరత లేదు. ఆయన బొజ్జే ఆ మాట చెబుతుంది. ప్రథమ ఫలం పోయి పోయి అక్కడ చేరుతోందని నాకు మనసులో గుచ్చుకునేది. ముందుగా వచ్చినవారికి ఎవరైనా సరే అని మొక్కింది నేనే కాబట్టి నోరెత్తలేకపోయాను. జనం మాత్రం కుదుటపడ్డారు. ఆయన మీ చర్చి మనిషి కదా, ఇంటి మనిషి తిన్నట్లేలే అన్నారు. ఆయన తర్వాత వచ్చినవాళ్లు బోణీ చేసేవారు. బేరం పుంజుకుంది.

అట్లా సాగుతుండగా, ఒకరోజు ఇనుప కడ్డీల లోడు వస్తుందని అంగడి పెద్దాయన పెందలాడే వచ్చాడు. సంఘ పెద్ద చేతులు తుడుచుకుని వందనాలు చెప్పి పోవడం చూశాడు. ఆయన పోయేదాకా ఆగి నా దగ్గరికి వచ్చాడు.

“ఏమమ్మా, ఆయప్ప డబ్బులియ్యకనే పోతాండాడు?”

విషయం చెప్పాను. దేవుడంటే ఆయనకూ భక్తే. మంగళవారం మంగళవారం గడపకు పసుపు రాసి, టెంకాయ కొట్టి గాని తాళం తీయడు. అందుకే అర్థం చేసుకుంటాడనుకున్నాను. ఆయన ముఖం ఇంకా బిగుసుకుంది.

“మీ దేవునికి ఇయ్యి, నేనొద్దనను. నా గడప ముందర మాత్రం వద్దు. పొద్దున్నే మొదటి వస్తువు బోణీ ల్యాకుండా వాకిట్లోనుంచి బయటికి పోతే, ఆ అంగడికి ఏమన్నా కలిసొస్తాదా? మా నాయన దినాల నుంచి ఈ వాకిట్లో అట్ల జరగల్యా. ఈ నెల నా బేరం ఎట్లుండాదో నీకు తెల్సా? రేపు మొదటి దోశ అమ్మి నాకు సూపీ. ల్యాకుంటే బండి తీసెయ్.”

ఇంటికి వచ్చాక మా ఆయన కోప్పడలేదు. అది ఇంకా కష్టంగా ఉంది. పిండి గిన్నె కడుగుతూ, “మొక్కింది నువ్వు, పెనం కాలబెట్టేది నేను” అని మాత్రం అన్నాడు. వేరే జాగా కోసం తెలిసినవాళ్లకు ఫోన్లు చేశాడు. ఊరి బయట నంద్యాల రోడ్డు పక్కన ఉంది పెట్టుకోమన్నారు. అక్కడ గాలి తప్ప ఇంకేమీ రాదు. నేను మోకాళ్ల మీద కూర్చుని చాలాసేపు ప్రార్థించాను. దేవుడు వాకిలి వదులుకోమనీ చెప్పలేదు, మొక్కు వదులుకోమనీ చెప్పలేదు. పొద్దున మామూలుగానే పిండి కలిపి, బండెక్కాం. మొదటి ప్లేటు అమ్మను, ఆ తర్వాత ఏం జరిగితే అది జరగనీ అని మా ఆయనతో చెప్పాను. ఆయన బండి స్టార్టు చేశాడు.

మేం పోయేసరికి పెద్దాయన మూసి ఉన్న అంగడి మెట్టు మీద కూర్చుని ఉన్నాడు. సంఘ పెద్ద ఇంకా రాలేదు. స్కూటరు ఆయన, కాలేజీ పిల్లలు, భాయ్ అందరూ ఎడంగా నిలబడి ఉన్నారు. టీ అంగట్లో మాటలన్నీ ఊరికి ముందే చేరతాయి.

మొదటి దోశ దిగింది. ప్లేటులో పెట్టుకుని నేరుగా మెట్టు దగ్గరికి పోయాను. అందరికంటే ముందు వచ్చింది మీరే అయ్యా, ఇది మీది అన్నాను.

“నేను కొంటా, ఎంతో చెప్పు.”

“అమ్మను.”

“ఊరికే తీసుకుంటే నా వాకిట్లో నేనే బోణీ చెడగొట్టుకున్నట్టు.”

“తీసుకోకుంటే ఇంకెవరికీ అమ్మలేను. ముందొచ్చినోళ్లకే అని మొక్కినాను.”

ఆయన నన్ను చూశాడు, దోశను చూశాడు. “నేనొచ్చింది నా అంగడికి. నీ బండికి కాదు. నన్ను లెక్కలో పట్టుకోవద్దు” అన్నాడు. బైబిల్లో ధర్మశాస్త్రం మీద శాస్త్రులు వాదించుకున్న తీరు ఎన్నోసార్లు పాఠంగా చెప్పినదాన్ని, వాళ్లలో ఎవరూ ఇంత సూటిగా మాట్లాడినట్టు నాకు గుర్తు రాలేదు. దోశ అంచులు మెత్తబడుతున్నాయి. ఆయన లేచి మా ఆయన వైపు తిరిగాడు.

“ఏమప్పా, నీ బండి ఇంజను తిరుగుతాదా, ల్యాక ఊరికే చక్రాల మీద నిలబెట్నావా?”

తిరుగుతుందన్నాడు మా ఆయన.

“మరింకేమి. బోణీ అనేది అంగడికి. రోడ్డు మీద పోతాండే బండికి బోణీ యాడిది? ఆ మురుగు కాలవ దాటిచ్చి, అవతల గోడ పక్కన నిలబెట్టు. ఆడ అంగడి ల్యా, గడప ల్యా. నీ పెండ్లాం మొక్కు ఆడ తీర్చుకోని, ఈడికొచ్చి బేరం మొదలుపెట్టు.”

నా ప్రథమ ఫలానికి ఆయన చెప్పిన న్యాయం దారి చూపించిందని ఒప్పుకోవడానికి నాకు కొంచెం కష్టంగానే ఉంది. మొక్కులో జాగా పేరు నేను చెప్పలేదు. వెతికినా తప్పు కనబడలేదు. ఆ చల్లారిన దోశ సంగతేమిటని అడిగితే, బేరానికి ముందే చల్లారింది కాబట్టి లెక్కలోకి రాదని ఆయనే తేల్చాడు. భాయ్ కుక్కకు వేశాడు.

పెనం ఆర్పకుండానే మా ఆయన బండి కదిలించాడు. కాలవ మీది బండల దగ్గర బండి ఎగిరింది. బొంబాయి చట్నీ సగం నా కాళ్ల మీద పడింది, పిండి రేకుల మీదికి చిమ్మింది. జనం వెనకాల నడిచి వస్తున్నారు, ఊరేగింపులాగా. గోడ పక్కన నిలబెట్టి కొత్తగా ఒక దోశ వేశాడు. ప్లేటు పట్టుకుని అందరి వైపు చూశాను. ఇప్పుడు ఎవరికీ అడ్డు లేదు. అయినా ఒకరి ముఖం ఒకరు చూసుకుంటున్నారు. నువ్వు తీసుకో అంటే నువ్వు తీసుకో అని స్కూటరు ఆయనా కాలేజీ పిల్లలూ. ఒళ్లు మండిపోయింది నాకు.

అంతలో ఆలూరు బస్సు దిగి, భుజాన సంచి వేసుకుని ఒక రైతు జనాన్ని తోసుకుంటూ వచ్చాడు. ఏముండాది అని అడిగాడు. దోశ అన్నాను. ఎంత అన్నాడు. ఊరికే అన్నాను. ఎందుకని అడగలేదు. ప్లేటు తీసుకుని, గోడకు ఆనుకుని తినడం మొదలుపెట్టాడు. అందరూ ఆయన తినడమే చూస్తున్నారు. రెండు ముక్కలు తిని నమలడం ఆపి నా వైపు చూశాడు.

“దుడ్లు వద్దంటివి, సరే. ఉప్పు గూడా వద్దంటివా ఏమమ్మా?”

పిండి వేలితో నాకి చూశాను. చప్పగా ఉంది. పొద్దున ఆ ఆలోచనల్లో గిన్నెడు పిండీ ఉప్పు వేయకుండానే కలిపాను. డబ్బా తీసి ఉప్పు వేసి, అడుగు దాకా తిప్పి, మా ఆయన చేత ఇంకో దోశ వేయించి ఆ మనిషికే ఇచ్చాను. మరి ఇందులో మొదటిది ఏదని మా ఆయన అడిగాడు. లోపమున్నదాన్ని దేవునికి అర్పించకూడదు, కాబట్టి ఇదే మొదటిది అన్నాను. నా మాట విని కాలవ అవతల పెద్దాయన తల ఊపాడు, సరైన లెక్కే అన్నట్టు.

రైతు తింటున్నంతసేపూ మేమందరం నిలబడే ఉన్నాం. ఇప్పుడు సరిపోయిందాన్నా అని మా ఆయన అడిగాడు. నోటినిండా దోశతో అతను తలాడించాడు. మా ఆయన ఈసారి గ్యాసు కట్టేసి, దిగి, బండిని మళ్లీ వాకిట్లోకి తిప్పడానికి స్టీరింగు వైపు నడిచాడు.